కట్ పడని సీన్‌లో ఎడిటర్‌కేం పని?

మన సినిమా రివ్యూల్లో ఎప్పటికీ పాతబడని వాక్యం ఒకటుంది: 'సెకండాఫ్‌లో ఎడిటర్ తన కత్తెరకు ఇంకాస్త పని చెప్పి ఉంటే బాగుండేది.' సినిమా సాగిందంటే తప్పు ఎడిటర్‌ది, పరుగెత్తిందంటే మెప్పు డైరెక్టర్‌ది. ఎడిటర్ అంటే ఎక్కువైంది తీసేసే మనిషి అని మనకు బాగా అలవాటైపోయింది.

ఇదే కొలబద్ద పట్టుకుని రొమేనియా సినిమాలు చూడబోతే తికమక పడతాం. కెమెరా ఒకచోట ఆగిందంటే నిమిషాల తరబడి కదలదు. మనుషులు భోంచేస్తూ మాట్లాడుకుంటూనే ఉంటారు. ఇప్పుడు కట్ పడుతుంది, ఇప్పుడు పడుతుంది అని చూస్తుంటాం, పడదు. మరి టైటిల్స్‌లో ఎడిటర్ పేరెందుకు?

ఆ ఎడిటర్లకు పెద్ద బహుమతులు కూడా వచ్చాయి. 2017లో బెర్లిన్ ఫెస్టివల్ జ్యూరీ, విశిష్టమైన కళాత్మక కృషికి ఇచ్చే సిల్వర్ బేర్‌ని 'ఆనా, మోన్ అమూర్' సినిమా ఎడిటర్ డానా బునెస్కుకి ఇచ్చింది. ఎడిటింగ్ కోసమే విడిగా పెట్టిన బహుమతి కాదది. కెమెరా, సంగీతం, దుస్తులు, సెట్లు అన్నీ ఆ ఒక్క బేర్ కోసమే పోటీ పడతాయి. వాటన్నిటినీ దాటి ఎడిటింగ్ గెలిచింది.

బునెస్కు చేసిన సినిమాల వరుస చూస్తే గత ఇరవై ఏళ్ల రొమేనియా సినిమా చరిత్ర సగం అందులోనే కనిపిస్తుంది. అందుకే ఆమె కెరీర్‌ని పట్టుకునే ఈ చిక్కుముడి విప్పుదాం.

ముందు మాటల సంగతి

పాత తెలుగు సినిమాల టైటిల్స్‌లో ఎడిటర్ పేరు పక్కన 'కూర్పు' అని వేసేవారు. పూలమాల కూర్చినట్టు, వాక్యం కూర్చినట్టు. మంచి మాట. రివ్యూలు రాసేవాళ్లు కత్తెర పట్టుకున్నారు గానీ టైటిల్ కార్డులు రాసినవాళ్లకు అసలు పని ఏమిటో తెలుసు.

రొమేనియన్ భాషలో ఎడిటింగ్‌ని 'మోంటాజ్' అంటారు. ఫ్రెంచి నుంచి తెచ్చుకున్న మాట. యంత్రం విడిభాగాలు తెచ్చి బిగించడానికి కూడా అక్కడ అదే మాట వాడతారు. మనకు 'మాంటేజ్' అనగానే హీరో హీరోయిన్లు బైక్ మీద తిరిగే పాట గుర్తొస్తుంది కాబట్టి ఇక్కడ కాస్త జాగ్రత్త. ఇక్కడి మోంటాజ్‌కి మన 'కూర్పు' అన్నదే సరిజోడు.

ఇంకో రెండు మాటలు కూడా తేల్చుకోవాలి. కెమెరా ఆన్ చేసిన దగ్గర్నుంచి ఆఫ్ చేసేదాకా ఒకసారి తీసిన ముక్క 'టేక్'. ఒకే సీన్‌ని పది సార్లు తీస్తే పది టేకులు. వాటిలోంచి ఎంచి సినిమాలో పెట్టింది, ఒక కట్ నుంచి ఇంకో కట్ దాకా ఉన్నది, 'షాట్'. ఆ షాట్ చాలాసేపు సాగితే లాంగ్ టేక్. రొమేనియా సినిమాకు పేరు తెచ్చింది ఈ లాంగ్ టేకే.

వంటింట్లో గొడవ, రెండు పద్ధతులు

ఒక ఊహాజనితమైన సీన్ తీసుకుందాం. ఇద్దరు అన్నదమ్ములు వంటింట్లో నిలబడి నాన్న కట్టించిన ఇల్లు అమ్మాలా వద్దా అని మూడు నిమిషాలు గొడవ పడతారు. చివర్లో తమ్ముడు తలుపు ధడేల్‌మని వేసి వెళ్లిపోతాడు.

మామూలు పద్ధతిలో అయితే కెమెరాని ఐదు చోట్ల పెడతారు. ఇద్దరూ కనిపించేలా ఒకటి, అన్న ముఖం మీద ఒకటి, తమ్ముడి ముఖం మీద ఒకటి, అలా. ఒక్కో చోటి నుంచి నాలుగు టేకులు. మొత్తం ఇరవై టేకులు, గంట ఫుటేజ్. ఎడిటర్ రెండో టేకులోంచి అన్న కోపం, నాలుగో దాంట్లోంచి తమ్ముడి చూపు తీసుకోవచ్చు. ఎవరైనా మాట తడబడితే ఆ క్షణంలో అవతలివాడి ముఖం వేసి కప్పేయొచ్చు. సీన్ సాగిందనుకుంటే మూడు నిమిషాలని రెండుం ముప్పావుకి కుదించొచ్చు.

రెండో పద్ధతిలో కెమెరా ఒకే చోట ఉంటుంది. పన్నెండు టేకులు తీశారనుకోండి, ముప్పై ఆరు నిమిషాలు. ఫుటేజ్ తక్కువే గానీ నిర్ణయం బరువెక్కింది. ఏడో టేకులో అన్న అదరగొట్టాడు, కానీ తమ్ముడు చివరి మాట నమిలేశాడు. తొమ్మిదో దాంట్లో ఇద్దరూ ఓ మోస్తరే, కానీ మధ్యలో ఎవరూ మాట్లాడని నాలుగు సెకన్లున్నాయి, ఆ నిశ్శబ్దంలో ఇల్లంతా ఉంది. ఏడులోంచి కొంత, తొమ్మిదిలోంచి కొంత కలుపుకోవడానికి లేదు. ఏది తీసుకుంటే దాని తప్పులతో సహా తీసుకోవాలి.

టేక్ ఎంచాక కూడా పని మిగిలే ఉంటుంది. ఎక్కడ మొదలుపెట్టాలి, ఎక్కడ వదలాలి? తలుపు పడ్డ మరుక్షణం వదిలేస్తే అది గొడవ సీన్. ఇంకో ఆరు సెకన్లు, అంటే సెకనుకు 24 ఫ్రేముల లెక్కన 144 ఫ్రేములు, ఉంచితే అన్న వెనక్కి తిరిగి తమ్ముడు తాగి పెట్టిన కాఫీ గ్లాసు కడగడం కనిపిస్తుంది. అప్పుడది అన్న సీన్ అయిపోయింది. మధ్యలో ఒక్క కట్ లేదు, అయినా సీన్ అర్థం మారింది. పక్క సీన్ల సంగతి కూడా చూసుకోవాలి. తర్వాతి సీన్ కూడా ఇలాగే కదలకుండా తొమ్మిది నిమిషాలు నడిచేదైతే దీని ఊపిరి దాని మీద పడుతుంది.

పుట్టినరోజు భోజనాల బల్ల

ఇప్పుడు అసలు సినిమాకి వద్దాం. క్రిస్టియన్ ముంజియు తీసిన '4 మంత్స్, 3 వీక్స్ అండ్ 2 డేస్'. 2007లో కాన్స్‌లో అత్యున్నత బహుమతి పామ్ డి ఓర్ గెలిచింది. ఎడిటర్ బునెస్కు.

కథాకాలం 1987. రొమేనియా కమ్యూనిస్టు నియంత నికొలాయ్ చౌషెస్కు ప్రభుత్వం 1966లో డిక్రీ 770 తెచ్చి, కొన్ని మినహాయింపులు తప్ప అబార్షన్‌ని నిషేధించింది. ఒటీలియా అనే విద్యార్థిని తన రూమ్‌మేట్‌కి హోటల్ గదిలో దొంగచాటుగా అబార్షన్ చేయిస్తుంది. ఆ పిల్లని అక్కడే ఒంటరిగా వదిలి, ఇచ్చిన మాట కోసం బాయ్‌ఫ్రెండ్ వాళ్లమ్మ పుట్టినరోజు విందుకి వెళ్తుంది.

కెమెరా బల్లకి ఇవతల ఆగిపోతుంది. ఒటీలియా మధ్యలో ఇరుక్కుని కూర్చుని ఉంటుంది. చుట్టూ డాక్టర్లు, చదువుకున్న పెద్దలు. తిండి గురించి, ఈ కాలం పిల్లల గురించి, పల్లెటూళ్ల గురించి ఆపకుండా మాట్లాడుతుంటారు. చేతులు ఫ్రేమ్‌లోకి వస్తాయి, పోతాయి. కొందరి గొంతులు ఫ్రేమ్ బయట్నుంచి వినిపిస్తాయి. ఆమె దాదాపు ఏమీ మాట్లాడదు. నిమిషాలు గడుస్తాయి.

ఎవరు మాట్లాడితే వాళ్ల ముఖం మీదికి కట్ చేసి ఉంటే ఇది పెద్దమనుషుల మీద వ్యంగ్యం అయ్యేది. వాళ్ల జోకులు వినేవాళ్లం, మధ్యమధ్యలో ఒటీలియా ముఖం చూసి అయ్యో అనుకునేవాళ్లం. కట్ లేకపోయేసరికి మనమూ ఆ కుర్చీలోంచి లేవలేం. హోటల్ గదిలో ఏమవుతోందోనన్న టెన్షన్ ఆమె ముఖంలోంచి మనకి పాకుతుంది. సినిమాలో నేపథ్య సంగీతం కూడా లేదు, ఇక్కడ భయపడండి అని చెప్పే వయొలిన్ లేదు.

సంగీతం లేనప్పుడు శబ్దాన్ని కూర్చడమే సగం ఎడిటింగ్ అవుతుంది. స్పూను చప్పుడు ఎంత, బయటి గొంతు ఎంత, ఎవరి మాట ఎవరి మాట మీద పడాలి అన్నవే ప్రేక్షకుడి చూపుని నడిపిస్తాయి. ఇక్కడ రొమేనియా చదువుల గురించి ఒక ముక్క చెప్పాలి. బుకారెస్ట్‌లో కారాజియాలే పేరు మీదున్న జాతీయ నాటక, సినిమా విశ్వవిద్యాలయంలో శబ్దం, ఎడిటింగ్ కలిపి ఒకే కోర్సుగా నేర్పుతారు. బునెస్కు కూడా ఎడిటరే కాదు, సౌండ్ డిజైనర్ కూడా. మన దగ్గర ఇవి రెండు వేర్వేరు గదులు, ఇద్దరు వేర్వేరు మనుషులు. కట్ తక్కువున్న సినిమాలకు ఈ కలయిక ఎంత ఉపయోగమో ఊహించుకోవచ్చు.

ఈ దర్శకుల తరం ఎక్కడి నుంచి ఊడిపడింది

క్లుప్తంగా చెప్తాను. కమ్యూనిస్టు కాలంలో సినిమా అంతా ప్రభుత్వానిది. బుకారెస్ట్ పక్కనున్న బుఫ్తియా స్టూడియో నుంచి సినిమాలు వచ్చేవి. అప్పట్లో ఏది ఉంచాలో, ఏది తీసేయాలో చెప్పే ఆఖరి అధికారం సెన్సారుది. లూచియాన్ పింతీలియే 1981లో తీసిన సినిమా ఒకటి చౌషెస్కు పోయాక, 1990లో గానీ బయటికి రాలేదు. ఒక విధంగా ఆ దేశంలో అతి పెద్ద ఎడిటర్ ప్రభుత్వమే. 1989 తర్వాత ఆ వ్యవస్థ కూలింది, డబ్బూ పోయింది. 2000 సంవత్సరాన్ని రొమేనియా సినిమాకి సున్నా సంవత్సరం అంటారు, ఆ ఏడాది కొత్త ఫీచర్ సినిమా అన్నదే లేదు కాబట్టి.

ఆ తర్వాతి ఏడాది దర్శకుడు క్రిస్టి పుయు మొదటి సినిమా వచ్చింది. 2005లో ఆయనే తీసిన 'ది డెత్ ఆఫ్ మిస్టర్ లాజరెస్కు' కాన్స్‌లో ప్రధాన పోటీ పక్కనే నడిచే 'అన్ సెర్టెన్ రిగార్డ్' విభాగం బహుమతి తెచ్చుకుంది. ఒంటరి ముసలాయన్ని ఒక్క రాత్రిలో ఆసుపత్రి నుంచి ఆసుపత్రికి తిప్పే అంబులెన్స్ కథ. నిడివి రెండున్నర గంటలు. ఎడిటర్ బునెస్కునే. దీన్ని చూసి 'ల్యాగ్' అనేవాళ్లు ఉంటారు, కాదనను. కానీ ఆ రాత్రి త్వరగా గడిచిపోతే ఆ కథే లేదు.

వెయ్యి గంటల నుంచి మూడు గంటలు

కట్ తక్కువున్న సినిమాలు అలా ఉంచండి. కూర్పు తప్ప ఇంకేమీ లేని సినిమా కూడా బునెస్కు చేసింది. ఆంద్రే ఉజికా దర్శకుడిగా 2010లో వచ్చిన 'ది ఆటోబయోగ్రఫీ ఆఫ్ నికొలాయ్ చౌషెస్కు'.

ఈ సినిమా కోసం ఉజికా కొత్తగా షూటింగ్ చేయలేదు. చౌషెస్కు పాలించిన పాతికేళ్లలో ఆయన మీద తీసిన అధికారిక ఫిల్మ్ ఆర్కైవుల్లో వెయ్యి గంటలకు పైగా ఉంది. దాన్ని మూడు గంటలకు కూర్చారు. రోజుకు ఎనిమిది గంటల చొప్పున కూర్చుంటే వెయ్యి గంటలు ఒక్కసారి చూడటానికే 125 రోజులు పడుతుంది. ఆదివారాలు లేకుండా నాలుగు నెలలు. ఏరడం, పేర్చడం, తీసేసి మళ్లీ పేర్చడం దాని తర్వాతి మాట.

ఇందులో వ్యాఖ్యానం లేదు. ఇది ఫలానా ఏడాది, ఈయన ఫలానా మంత్రి అని చెప్పే గొంతు ఎక్కడా వినపడదు. ఉన్నవి ఊరేగింపులు, చప్పట్లు, విదేశీ నాయకులతో కరచాలనాలు, మాస్ డ్రిల్లులు, సెలవుల్లో వాలీబాల్ ఆట. మొదట్లో, చివర్లో 1989 డిసెంబర్‌లో భార్యతో కలిసి విచారణ ఎదుర్కొంటున్న వీడియో. మిగతాదంతా ఆ రెండు కొసల మధ్య ముసలి నియంతకి వచ్చిన జ్ఞాపకంలా నడుస్తుంది. ఆ ఫిల్మంతా ఆయన ప్రభుత్వం ఆయన గొప్ప కోసం తీయించుకున్నదే, అందుకే 'ఆత్మకథ' అన్నారు.

పొగడటానికి తీసిన బొమ్మ విమర్శగా ఎలా మారుతుంది? ఒక్క ఊరేగింపు చూస్తే ఊరేగింపు. ఐదోది చూసేసరికి చప్పట్లు కొట్టేవాళ్ల చేతుల్లో అలసట కనిపించడం మొదలవుతుంది. ఫ్రేమ్‌లో ఏమీ మార్చలేదు, దేని తర్వాత ఏది వస్తుందో అదొక్కటే మారింది.

అసలు గమ్మత్తు ఇంకోటుంది. ఆ పాత ఫిల్మ్‌లో చాలా భాగం మూగది, శబ్దం రికార్డు కాలేదు. అడుగుల చప్పుడు, గాలి, గుంపు గుసగుస బునెస్కు కొత్తగా కల్పించి చేర్చింది. కొన్నిచోట్ల మాత్రం చప్పుడు లేకుండా మూగగానే వదిలేశారు. ఇది న్యాయమేనా అన్న ప్రశ్న రాక తప్పదు. చరిత్ర బొమ్మకి లేని చప్పుడు తగిలిస్తే అది డాక్యుమెంటా, కల్పనా? శబ్దం లేకపోతే పాత బొమ్మ మ్యూజియం వస్తువుగా మిగిలిపోతుంది, శబ్దం చేరితేనే ప్రేక్షకుడు ఆ కాలంలో నిలబడతాడు అని ఒక వాదం. ఏది అసలు, ఏది చేర్పు అన్నది చూసేవాడికి తెలియనప్పుడు నమ్మకం దెబ్బతింటుందని ఇంకో వాదం. ఇంగ్లిష్ గొంతుతో నడిచే మామూలు డాక్యుమెంటరీల మీద ఈ రెండో ప్రశ్న ఎవరూ అంత గట్టిగా అడగరన్నది నాకు మాత్రం వింతగా ఉంటుంది. అక్కడ వ్యాఖ్యానమే కదా అతి పెద్ద చేర్పు.

జుట్టుని బట్టి కాలం తెలుసుకోవడం

బెర్లిన్ బహుమతి తెచ్చిన 'ఆనా, మోన్ అమూర్' ఇంకో రకం. దర్శకుడు కాలిన్ పీటర్ నెట్జర్. ఆయన దీనికి ముందు తీసిన 'చైల్డ్స్ పోజ్' 2013లో బెర్లిన్‌లోనే అత్యున్నత బహుమతి గోల్డెన్ బేర్ గెలిచింది, దానికీ ఎడిటర్ బునెస్కునే.

తోమా, ఆనా అనే జంట కలుసుకున్నప్పటి నుంచి విడిపోయేదాకా కొన్నేళ్ల కథ. తోమా మానసిక విశ్లేషకుడి సోఫా మీద పడుకుని గుర్తు చేసుకుంటుంటాడు. జ్ఞాపకం వరసలో రాదు కాబట్టి సినిమా కూడా రాదు. కాలేజీ రోజులు, పెళ్లి తర్వాత, మళ్లీ ముందుకి, మళ్లీ వెనక్కి. తెర మీద 'ఐదేళ్ల తర్వాత' అని వేయరు. తోమా నెత్తి మీద జుట్టు ఎంత ఉందో చూసుకుని మనమే కాలం లెక్కేసుకోవాలి. నవ్వొచ్చే ఉపాయమే గానీ పని చేస్తుంది.

మొదట్లో ఆనా జబ్బు మనిషి, తోమా ఆమెని మోస్తుంటాడు. రానురానూ ఆమె కోలుకుంటుంది, అతను కుంగిపోతాడు. వరసగా చెప్తే ఇది ఒక మెట్లదారి. ముక్కలు కలిపేసి చెప్తే పాత ప్రేమ పక్కనే కొత్త చిరాకు వచ్చి కూర్చుంటుంది, ఎవరి వల్ల ఎవరు చెడ్డారో తేల్చుకోవడం కష్టమవుతుంది. ఆ కష్టమే కథ. ఇదంతా స్క్రిప్ట్‌లోనే ఉండొచ్చుగా అని అడగొచ్చు. కొంత ఉంటుంది కూడా. కానీ ఒక ముక్క ఎంతసేపు నిలబడాలో, ఏ చూపు మీద వదిలి ఏ చూపుని అందుకోవాలో కాగితం మీద తేలదు.

డైరెక్టర్ లేనప్పుడు కూర్పు ఎవరిది

ఈ ప్రశ్నకి రొమేనియాలో ఒక విషాద ఉదాహరణ ఉంది. 2006 ఆగస్టులో క్రిస్టియన్ నెమెస్కు అనే యువ దర్శకుడు, తన సౌండ్ డిజైనర్ ఆంద్రే టోంకుతో కలిసి బుకారెస్ట్‌లో కారు ప్రమాదంలో చనిపోయాడు. నెమెస్కుకి అప్పటికి 27 ఏళ్లు. అతను తీసిన 'కాలిఫోర్నియా డ్రీమింగ్' ఎడిటింగ్ ఇంకా పూర్తి కాలేదు. ఎడిటర్ కాటాలిన్ క్రిస్టుట్సియు.

చేతిలో ఉన్నది రెండున్నర గంటలు దాటిన కూర్పు. నెమెస్కు ఉండి ఉంటే అందులోంచి ఇంకొంత తగ్గించేవాడేమో. తగ్గించాలా? ఎక్కడ? తగ్గిస్తే అది ఎవరి సినిమా? ఆఖరికి ఉన్నదాన్ని ఉన్నట్టే విడుదల చేశారు, పేరు పక్కన రొమేనియన్‌లో 'అసంపూర్తి' అనే అర్థం వచ్చే మాట చేర్చారు. 2007లో కాన్స్‌లో 'అన్ సెర్టెన్ రిగార్డ్' బహుమతి వచ్చింది. మన రివ్యూ వాక్యం ఈ సినిమాకి అక్షరాలా వర్తిస్తుంది, కత్తెరకు ఇంకా పని ఉంది. ఆ పని చేయకపోవడం కూడా ఒక ఎడిటింగ్ నిర్ణయమే.

పొగిడేవాళ్లు, విసుక్కునేవాళ్లు

లాంగ్ టేక్‌ని సమర్థించేవాళ్లు ఫ్రెంచి విమర్శకుడు ఆంద్రే బజాఁ దగ్గర మొదలెడతారు. కట్ చేసిన ప్రతిసారీ ఇది చూడు అని దర్శకుడు వేలు చూపిస్తున్నట్టే, కట్ చేయకపోతే ఎటు చూడాలో ప్రేక్షకుడే ఎంచుకుంటాడు అన్నది ఆయన ఆలోచన సారం. అబద్ధం చెప్పే బొమ్మల మధ్య దశాబ్దాలు బతికిన దేశానికి ఈ ఆలోచన నచ్చడంలో ఆశ్చర్యం లేదు.

విసుక్కునేవాళ్ల మాటలోనూ బలముంది. ఒకప్పుడు నిజాయితీగా వచ్చిన పద్ధతి తర్వాత ఫెస్టివల్ ఫార్ములా అయిపోయిందని, వంటగది, మసక వెలుతురు, కదలని కెమెరా ఉంటే చాలు ఆర్ట్ సినిమా అయిపోతోందని వాళ్ల ఫిర్యాదు. పైగా బల్ల ముందు ఎవరిని మధ్యలో కూర్చోబెట్టాలో దర్శకుడు ముందే తేల్చేశాక ప్రేక్షకుడి స్వేచ్ఛ ఎంత అని కూడా అడుగుతారు. ఒటీలియా సీన్ చూశాక నాకూ ఈ ప్రశ్న సబబే అనిపిస్తుంది. అక్కడ ఆమెని తప్ప ఇంకెవర్నీ చూడలేం.

బతుకుదెరువు సంగతి కూడా దీంతో ముడిపడి ఉంది. 2021 లెక్కల ప్రకారం రొమేనియా జనాభా దాదాపు 1.9 కోట్లు, తెలంగాణలో సగం కన్నా కాస్త ఎక్కువ. మార్కెట్ చిన్నది. సినిమాలు ఎక్కువగా జాతీయ సినిమా కేంద్రం పోటీ పెట్టి ఇచ్చే నిధులతో, యూరప్ దేశాల ఉమ్మడి నిర్మాణంతో తయారవుతాయి. నెట్‌ఫ్లిక్స్ సిరీస్ 'వెన్స్‌డే' మొదటి సీజన్ లాంటి విదేశీ నిర్మాణాలు అక్కడ షూటింగ్ చేసుకుంటాయి, కెమెరా, సెట్ల పనివాళ్లకు పని దొరుకుతుంది. ఎడిటింగ్ మాత్రం సాధారణంగా ఫుటేజ్‌తో పాటే వాళ్ల దేశం వెళ్లిపోతుంది. కాబట్టి ఎడిటర్‌కి ఒకే రకం సినిమాతో గడవదు. బునెస్కు కథాచిత్రాలు, ఆర్కైవ్ సినిమా, డాక్యుమెంటరీ అన్నీ చేసింది. 2015 బుకారెస్ట్ నైట్‌క్లబ్ అగ్నిప్రమాదం తర్వాత బయటపడ్డ ఆసుపత్రుల అవినీతి మీద వచ్చి, 2021లో రెండు ఆస్కార్ నామినేషన్లు తెచ్చుకున్న 'కలెక్టివ్' ఎడిటర్లలో ఆమె ఒకరు.

ఒకే సినిమాలో రెండు కొసలు

'కాలిఫోర్నియా డ్రీమింగ్' ఎడిటర్ క్రిస్టుట్సియు ఆ తర్వాత, రాదు జూదె అనే దర్శకుడి సినిమాలకు ఎడిటర్‌గా స్థిరపడ్డాడు. జూదె పద్ధతి వేరు. కత్తిరించి, అతికించి, పరాయి బొమ్మలు తెచ్చి పక్కన పెట్టడం ఆయనకు ఇష్టం. 2023 నాటి 'డు నాట్ ఎక్స్‌పెక్ట్ టూ మచ్ ఫ్రమ్ ది ఎండ్ ఆఫ్ ది వరల్డ్'లో ఆంజెలా అనే అమ్మాయి నిద్ర చాలక బుకారెస్ట్ అంతా కారు నడుపుతుంటుంది. ఆమె రోజు మధ్యలోకి, ఇంకో ఆంజెలా టాక్సీ నడిపే 1981 నాటి సినిమా ముక్కలు వచ్చి పడతాయి. కొన్నిచోట్ల ఆ పాత బొమ్మని నెమ్మది చేసి చూపిస్తారు, అప్పటి దర్శకుడు పట్టించుకోని వీధి, క్యూలో నిలబడ్డ జనం కంటబడతారు. ప్రమాదాలకు పేరుపడ్డ ఒక రోడ్డు గురించి ఆంజెలా మాట్లాడుతుండగా సినిమా ఆగిపోయి, ఆ రోడ్డు పక్కనున్న సమాధి శిలువలు ఒకదాని తర్వాత ఒకటి, నాలుగు నిమిషాల పాటు, ఏ శబ్దమూ లేకుండా వస్తాయి.

అదే సినిమా చివర్లో కెమెరా కదలకుండా అరగంటకు పైగా నిలబడిపోతుంది. పనిలో దెబ్బ తగిలి చక్రాల కుర్చీకి పరిమితమైన ఒకాయన, ఫ్యాక్టరీ గేటు దగ్గర కుటుంబంతో కూర్చుని, కంపెనీ భద్రతా వీడియో కోసం తన ప్రమాదం గురించి చెప్తుంటాడు. ఫ్రేమ్ బయట్నుంచి సూచనలు వస్తుంటాయి. ఆ మాట వద్దు. ఈ వివరం తీసేయండి. మళ్లీ చెప్పండి. చెప్పిన ప్రతిసారీ ఆయన కథలోంచి ఒక నిజం రాలిపోతుంది. వాన మొదలవుతుంది. మనకి ఒక్క కట్ కనపడదు గానీ ఆ మనిషి మాటల్ని కత్తిరించడం మన కళ్ల ముందే జరిగిపోతుంది. ఆఖరికి మాటలే వద్దని చేతికి ఖాళీ పచ్చ కాగితాలు ఇస్తారు. వాటి మీద ఏం రాయాలో తర్వాత ఎడిటింగ్‌లో చూసుకుంటారట.